కోకోపీట్ బ్లాకు: డబ్బు పొట్టుకు కాదు, కడుగుడుకు

మిద్దెతోటల వాళ్లూ నర్సరీల వాళ్లూ కొనే 5 కిలోల కోకోపీట్ (కొబ్బరి డొక్క పొట్టు) బ్లాకు మార్కెట్లో ముఖ్యంగా రెండు రకాలు. ఒకటి కడిగింది. దాన్ని ‘లో ఈసీ’, అంటే ఉప్పు తక్కువ, అని అమ్ముతారు. రెండోది కడగనిది. దాని మీద పచ్చ అక్షరాల్లో ‘నూటికి నూరు పాళ్లు సహజం’ అన్న మాట తప్ప పనికొచ్చే ముక్క ఒక్కటీ ఉండదు. అడుగు పొడవు, అడుగు వెడల్పు, అరడుగు కన్నా తక్కువ మందం, గోధుమ రంగు. పక్కపక్కన పెడితే ఏది ఏదో చెప్పలేం. ధరలో మాత్రం తేడా ఉంటుంది. కడగడానికి పట్టిన నీళ్లు, ఆరబెట్టిన కళ్లం, కూలీ, రోజులు, అన్నీ ఆ తేడాలోనే ఉన్నాయి.

ఈ సంగతి తెలియక చవక బ్లాకు తెచ్చి, తడిపి, అందులోనే టమాటా గింజలు వేసేస్తారు. పది రోజులకు ఆకుల అంచులు మాడతాయి, నారు ఎదుగు ఆగిపోతుంది. అప్పుడు కోకోపీట్ అంటేనే పనికిరాదని తేల్చేస్తారు. మాడ్చింది అందులో మిగిలిపోయిన ఉప్పు. కాబట్టి ఈ సమీక్ష ఏ కంపెనీ బాగుందన్న దాని గురించి కాదు. బ్లాకు చేతికొచ్చాక ఏం చూడాలి, ఎలా కొలవాలి, ఏ రకం ఎవరికి సరిపోతుంది, ఆ ధర వెనక కొబ్బరి తోటలో ఏం జరుగుతోంది అన్నదాని గురించి.

ముందు ఇది ఎక్కడిదో చూద్దాం. కొబ్బరికాయ బరువులో సుమారు 35 శాతం డొక్కే. డొక్కను యంత్రంలో చీల్చి పీచు తీస్తే రాలేది పొట్టు. 1000 డొక్కలకు పీచు సుమారు 80 కిలోలు, పొట్టు దానికి రెండింతలు వస్తుంది. ఆ లెక్కన 5 కిలోల బ్లాకంటే 30 కాయల డొక్కలన్నమాట. బాగా చూసుకున్న చెట్టు ఏడాదికి 80 నుంచి 100 కాయలు కాస్తుంది కాబట్టి, ఒక చెట్టు మీద ఏటా మూడు బ్లాకుల పొట్టు వస్తుంది. ఒకప్పుడు ఈ పొట్టు పీచు మిల్లుల పక్కన గుట్టలుగా పడి ఉండేది. వానకు తడిసి ఎర్రటి కషాయం కారేది, ఎండకు రాజుకుని రోజుల తరబడి పొగలు కక్కేది. ఇప్పుడు మన దేశపు కొబ్బరి పీచు ఎగుమతుల్లో విలువ పరంగా ముందున్న సరుకు ఈ పొట్టే. పీచు కోసం మిల్లు పెడితే పొట్టు వచ్చే కాలం పోయి, పొట్టు కోసమే మిల్లు ఆడే కాలం వచ్చింది.

చేతికొచ్చిన బ్లాకుని ఎలా చూడాలి

మొదట పరిమాణం. కోకోపీట్‌ని కిలోల్లో కొనడం మన పొరపాటు. వాడేది లీటర్లలో. మంచి 5 కిలోల బ్లాకు 25 నుంచి 30 లీటర్ల నీళ్లు తాగి 60 నుంచి 75 లీటర్ల పొట్టుగా విచ్చుకుంటుంది. తడిపిన పొట్టుని 20 లీటర్ల బకెట్‌తో, కుక్కకుండా, కొలవండి. మూడు బకెట్లు నిండకపోతే ఎక్కడో మోసమో లోపమో ఉంది. తేమ ఎక్కువ ఉండొచ్చు: 15 శాతం తేమ అంటే 5 కిలోల్లో 750 గ్రాములు నీళ్లే, 25 శాతమైతే కిలోం పావు. ఇసుక కలిసి ఉండొచ్చు. లేదా పొట్టు బదులు పిండిలాంటి ధూళి ఎక్కువ ఉండొచ్చు.

ఇసుక పట్టుకోవడం తేలిక. గాజు గ్లాసులో గుప్పెడు పొట్టు వేసి నిండా నీళ్లు పోసి కలపండి. పొట్టు చాలాసేపు తేలుతుంది, ఇసుక అడుగుకి దిగుతుంది. కొద్దిగా కనిపిస్తే పర్లేదు. వేలెడు మందం దిగితే ఆ పొట్టుని సిమెంటు కళ్లం మీద కాకుండా మట్టి నేల మీద ఆరబోసి పారతో ఎత్తారని అర్థం. అలాంటి దాంట్లో ఇసుకతో పాటు తుంగ గడ్డలు, కలుపు గింజలు ఉచితంగా వస్తాయి. నర్సరీకి ఇసుక కన్నా తుంగే ప్రమాదం. ఒక్కసారి బెడ్డులోకి వస్తే తవ్వి తీయడం తప్ప దారి లేదు.

రంగు, వాసన కూడా చాలా చెబుతాయి. లేత బంగారు రంగులో ఉంటే పచ్చి డొక్కదో, కొత్తగా తీసిన పొట్టో. అందులో టానిన్లు (రంగునిచ్చే వగరు పదార్థాలు) ఎక్కువ, త్వరగా కుళ్లి అణిగిపోతుంది. కనీసం ఆరు నెలలు కుప్పలో మాగిన పొట్టు ముదురు గోధుమ రంగులోకి తిరుగుతుంది. తడిపినప్పుడు పుల్లటి కుళ్లు వాసన వస్తే గాలాడని తడి కుప్పలోంచి వచ్చిందని లెక్క. పీచు పోగులు అక్కడక్కడా ఉండటం లోపమేమీ కాదు. నిజానికి కుండీలో గాలాడటానికి అవే సాయం చేస్తాయి. పూర్తిగా జల్లెడ పట్టిన నున్నటి పొట్టు ప్రోట్రేలకు (నారు పెంచే గుంతల ట్రేలకు) బాగుంటుంది, లోతైన కుండీకి బాగుండదు.

ఇక అసలు పరీక్ష ఈసీ. అంటే పొట్టులో కరిగే ఉప్పెంత ఉందో విద్యుత్ వాహకతతో కొలవడం. నీళ్లు చూసుకునే చిన్న టీడీఎస్ మీటరు చాలు. పొట్టుని పిడికిట్లో పిండితే వేళ్ల సందుల్లో నీరు కనబడీ కనబడనట్టు తడపండి. ఆ తడి పొట్టు ఒక కప్పు, ఆర్వో నీళ్లు ఒకటిన్నర కప్పు కలిపి అరగంట ఉంచి, గుడ్డలో వడకట్టి మీటరు ముంచండి. 500 స్కేలు మీటరైతే 1 మిల్లీసీమెన్స్ అంటే 500 పీపీఎం. వచ్చిన అంకె 250 లోపుంటే గింజ మొలకకు కూడా పనికొస్తుంది. 400 దాకా ఎదిగిన మొక్కలకు బాగానే ఉంటుంది. 750 దాటితే కడగకుండా ఏ మొక్కా పెట్టకూడదు. బోరు నీళ్లతో చేస్తే ఈ పరీక్షకు అర్థం లేదు, ఎందుకంటే బోరు నీళ్లకే 800 ఉండొచ్చు.

లేబుళ్ల మీద మా పెద్ద ఫిర్యాదు ఇక్కడే. ‘ఈసీ 0.5’ అని రాస్తారు గానీ ఎన్ని నీళ్లలో కలిపి కొలిచారో రాయరు. ఒకటికి ఒకటిన్నర పాళ్ల పద్ధతి డచ్చి నర్సరీల నుంచి వచ్చింది. అదే పొట్టుని ఒకటికి ఐదు పాళ్ల నీళ్లలో కలిపితే ఉప్పు పలచబడి అంకె బాగా తగ్గిపోతుంది. రెండు కంపెనీల ‘0.5’లు ఒకటి కావు. కొలిచిన నిష్పత్తి రాయని అంకెని అంకెగా చూడకండి.

పీహెచ్ 5.5 నుంచి 6.5 మధ్య ఉంటే సరే. ఇందులో తేడాలు అరుదు, దీని మీద సమయం పెట్టాల్సిన పని లేదు.

కడగడం ఒక పని, బఫరింగ్ ఇంకో పని

ఈసీ బాగున్నా టమాటా కాయ అడుగు నల్లబడి కుళ్లుతోందంటే చాలామందికి అర్థం కాదు. పొట్టులో ఉప్పు రెండు చోట్ల ఉంటుంది. ఒకటి తేమలో కరిగి ఉన్నది. ఇది నీళ్లతో కొట్టుకుపోతుంది. రెండోది పొట్టు రేణువులను అంటిపెట్టుకున్న పొటాషియం, సోడియం. ఇవి మామూలు నీళ్లకు లొంగవు. మీరు కాల్షియం, మెగ్నీషియం వేసిన రోజున పొట్టు వాటిని పట్టుకుని, బదులుగా తన దగ్గరున్న సోడియం, పొటాషియం వదులుతుంది. మొక్కకు అందాల్సిన కాల్షియం పొట్టుకి పోతుంది. అందుకే కాయ కుళ్లు, లేత ఆకుల చివర్లు మాడటం. తీరప్రాంతంలో, ఉప్పు కయ్యల్లో నానబెట్టిన డొక్కల పొట్టులో సోడియం మరీ ఎక్కువ. లోపలి ప్రాంతాల డొక్కల్లో పొటాషియం వాటా ఎక్కువ.

కడగని బ్లాకు కొన్నవాళ్లు ఇంట్లో చేయాల్సింది ఇది. 100 లీటర్ల డ్రమ్ముకి అడుగున రంధ్రాలు పెట్టి, లోపల గోనె పరిచి, బ్లాకు పెట్టి 30 లీటర్లు పోసి విచ్చుకోనివ్వండి. ఎక్కువగా నొక్కిన బ్లాకు లోపలి ముద్ద చన్నీళ్లకు గంటలు తీసుకుంటుంది, వేడినీళ్లకు త్వరగా విడుతుంది. తర్వాత 30, 35 లీటర్ల చొప్పున ఇంకో రెండుసార్లు పోసి, ప్రతిసారీ పూర్తిగా కారనివ్వండి. మొత్తం సుమారు 100 లీటర్లు. మొదటి నీళ్లు డికాక్షన్‌లా, మూడో నీళ్లు పలచటి టీలా వస్తాయి. రంగు చూసి ఆపొద్దు, మీటరు చూసి ఆపండి. రంగు టానిన్లది. ఉప్పుకి రంగు ఉండదు.

ఆ తర్వాత బఫరింగ్, అంటే పొట్టుని అంటిపెట్టుకున్న సోడియం, పొటాషియం స్థానంలో ముందే కాల్షియం ఎక్కించడం. 30 లీటర్ల నీళ్లలో 100 గ్రాముల కాల్షియం నైట్రేట్ కరిగించి పొట్టులో పోసి, రంధ్రాలు మూసి 24 గంటలు వదిలేయండి. వంపేసి ఒకసారి మంచి నీళ్లతో కడగండి. ఇందులో ఎప్సం సాల్టు (మెగ్నీషియం సల్ఫేటు) కలపొద్దు. కాల్షియం, సల్ఫేటు కలిస్తే అడుగున తెల్లగా గడ్డకడుతుంది, రెండూ వృథా. మెగ్నీషియం కావాలంటే తర్వాత వేరుగా ఇవ్వండి. జిప్సం వేస్తే చాలదా అంటారు. అది నీళ్లలో చాలా తక్కువ కరుగుతుంది కాబట్టి ఒక్కరోజులో ఈ పని చేయలేదు.

ఆకుకూరలకో, సగానికి పైగా మట్టి ఉన్న కుండీలకో అయితే బఫరింగ్ లేకపోయినా నడుస్తుంది, మట్టిలోని కాల్షియం సర్దుకుంటుంది. ప్రోట్రేలు, గ్రో బ్యాగుల్లో ఒట్టి కోకోపీట్ మీద టమాటా, క్యాప్సికం, స్ట్రాబెర్రీ పెంచేవాళ్లకు మాత్రం ఇది తప్పదు.

మిగతా రకాలు

650 గ్రాముల చిన్న ఇటుక 8, 9 లీటర్లు ఇస్తుంది. లీటరు లెక్కన ఇదే అన్నిటికన్నా ఖరీదు. నాలుగు కుండీలున్న వాళ్లకు తప్ప వద్దు. విడి పొట్టు బస్తాలో మోసుకెళ్లేది సగం నీళ్లే, దగ్గర్లో మిల్లుంటే తప్ప లాభం లేదు. బఫర్ చేసిన గ్రో బ్యాగులు పాలీహౌస్ వాళ్లకు సరైన సరుకు, మిద్దె మీద దండగ. డొక్క ముక్కలు ఆర్కిడ్లకు, ఆంథూరియంలకు చాలా బాగుంటాయి. వాటినీ కడగాల్సిందే.

‘కోకోపీట్ ఎరువు’ అని రాసిన సంచులతో జాగ్రత్త. పచ్చి పొట్టులో కార్బన్, నత్రజని నిష్పత్తి దాదాపు 112:1. దాన్ని అలాగే మట్టిలో ఎక్కువగా కలిపితే, కుళ్లబెట్టే సూక్ష్మజీవులు మట్టిలోని నత్రజనినే తినేస్తాయి, మొక్క పసుపు తిరుగుతుంది. ఎరువు కావాలంటే కంపోస్టు చేయాలి. టన్ను పొట్టుకి 5 కిలోల యూరియా, 5 సీసాల ముత్యపు చిప్ప పుట్టగొడుగు విత్తనం పొరలుగా వేసి తడి ఆరకుండా చూస్తే, నెల రోజుల్లో ఆ నిష్పత్తి 24:1 దగ్గరికి దిగుతుంది. తమిళనాడు వ్యవసాయ విశ్వవిద్యాలయం చెప్పే పద్ధతి ఇది. సంచి మీద ఈ నిష్పత్తి రాసి లేకపోతే దాన్ని ఎరువు ధరకి కొనకండి.

వాడకంలో ఎక్కువ పోయేది నీటి దగ్గరే. పైపొర ఎండి లేత రంగుకి వస్తుంది, లోపల నీళ్లు నిలిచే ఉంటాయి. పైన చూసి రోజూ పోస్తే నారు కుళ్లు, చిన్న ఈగలు. వేలు రెండు కణుపుల లోతు పెట్టి చూడాలి, లేదా కుండీ ఎత్తి బరువు చూడాలి. మట్టితో కలిపే కుండీల్లో మూడో వంతు మించి వద్దు. 98 గుంతల ప్రోట్రేకి తడి కోకోపీట్ సుమారు 1.2 కిలోలు పడుతుంది. గుంతలో గట్టిగా కుక్కితే వేరుకి గాలి అందదు. ఇందులో మొక్కకు సరిపడా పోషకాలు లేవన్నది కూడా మరవొద్దు. మొదటి నిజమైన ఆకు వచ్చాక ఏదో ఒక ఎరువు నీళ్లు ఇవ్వాల్సిందే.

ఆ కడిగిన నీళ్లు ఎక్కడికి పోతున్నాయి

పీట్ పేరుతో యూరప్‌లో తవ్వే నాచు మట్టి ఏడాదికి మిల్లీమీటరు మందాన పెరుగుతుంది. కొబ్బరి డొక్క దింపు దింపుకీ వస్తుంది. ఆ పోలికలో కోకోపీట్‌దే పైచేయి, ఇందులో అనుమానం లేదు. బ్లాకుగా ఐదో వంతుకి నొక్కడం వల్లే ఓడల్లో నెదర్లాండ్స్, దక్షిణ కొరియా, చైనా, అమెరికా దాకా పోవడం గిట్టుబాటవుతోంది. కానీ అట్ట మీద పచ్చ ఆకు బొమ్మ చెప్పని లెక్క ఒకటుంది.

కొబ్బరి చెట్టు అన్నిటికన్నా ఎక్కువ అడిగేది పొటాష్. వయసొచ్చిన చెట్టుకి ఏటా నత్రజని 500 గ్రాములు, భాస్వరం 320, పొటాష్ 1200 గ్రాములని కాసరగోడ్‌లోని కేంద్ర తోట పంటల పరిశోధన సంస్థ సిఫారసు. మ్యూరేట్ ఆఫ్ పొటాష్‌గా లెక్కేస్తే చెట్టుకి 2 కిలోలు. అది దాదాపు మొత్తం దిగుమతే. చెట్టు తీసుకున్న పొటాష్‌లో పెద్ద వాటా డొక్కలో చేరుతుంది. ఆ డొక్క తోట దాటి మిల్లుకి పోతుంది. మిల్లు దాన్ని బోరు నీళ్లతో కడిగి పొటాష్‌ని కాలువలోకి వదిలి, కడిగిన పొట్టుని ఎక్కువ ధరకి అమ్ముతుంది. రైతు మళ్లీ బస్తా కొని చెట్టుకి వేస్తాడు. వేయకపోతే కొన్నేళ్లలో ముదురు ఆకుల చివర్లు పసుపై మాడటం మొదలవుతుంది, కాపు తగ్గుతుంది. కడిగిన చోట నేలలోకీ బావుల్లోకీ దిగే ఎర్ర నీళ్ల బాధ వేరే.

పాతవాళ్లు డొక్కల్ని తోటలోనే పాతేవారు. వరుసల మధ్య కాలువ తీసి, గిన్నె భాగం పైకి ఉండేలా పేర్చి మట్టి కప్పితే ఐదు నుంచి ఏడేళ్లు తేమ పట్టి ఉంచుతుంది, పొటాష్ అక్కడే తిరుగుతుంది. డొక్కకు మంచి ధర వస్తే అమ్మొద్దని ఎవరూ అనరు. కానీ ఆ ధర చూసేటప్పుడు దానితో పాటు పోయే పొటాష్ ఖరీదు, వేసవిలో పెరిగే తడుల ఖర్చు తీసేసి చూడాలి. మిల్లింగు కొబ్బరికీ కురిడీకీ ప్రభుత్వం ఏటా వేర్వేరు మద్దతు ధరలు ప్రకటిస్తుంది. డొక్కకు అలాంటిదేమీ లేదు. పైగా ఒలుపు ఎక్కడ జరిగితే డొక్క అక్కడే మిగులుతుంది. కాయగా అమ్మేసి ఒలుపు వ్యాపారికి వదిలేసిన రైతుకి పొట్టు ఎగుమతి ఎంత పెరిగినా రూపాయి రాదు. దింపు కూలీ మాత్రం తన మీదే పడుతుంది. తోటలోనే ఒలిపించి, డొక్కకు వేరే బేరం పెట్టుకుని, మూడో వంతైనా చెట్ల మొదళ్లకి ఉంచుకునే రైతు ఈ సరుకులో కాస్త మిగుల్చుకోగలడు.

కొనేవాళ్లకి ఇందులోంచి వచ్చే సలహా మామూలు సలహాకి కాస్త తిరకాసుగా ఉంటుంది. పెరట్లో కొబ్బరో అరటో ఉండి నీళ్లకు లోటు లేకపోతే కడగని చవక బ్లాకే మంచి బేరం. మొదటి రెండు కడుగుడు నీళ్లు, నీరు నిలవని నేలైతే, కొబ్బరి మొదట్లో పోయండి. కొబ్బరికి పొటాష్‌తో పాటు క్లోరైడూ కావాలి. ఒకే చెట్టుకి మళ్లీ మళ్లీ పోయకుండా మార్చి మార్చి పోయండి, సోడియం పేరుకోకూడదు. కుండీలకు, ఆకుకూరల మడులకు ఆ నీళ్లు వద్దు. కాల్షియం నైట్రేట్ వంపిన నీళ్లూ కొబ్బరి మొదట్లోకే.

అపార్ట్‌మెంటు మిద్దె మీద, ట్యాంకరు నీళ్లతో నడిపేవాళ్లు కడిగిన బ్లాకు కొనండి. చవక బ్లాకుకి పోసే 100 లీటర్లకూ, బఫరింగ్‌కీ, మళ్లీ కడగడానికీ లెక్కేస్తే ఆదా ఏమీ మిగలదు. ఆ ఎర్ర నీళ్లు మిద్దె గచ్చు మీద మరకలు కూడా చేస్తాయి, కింది ఇంటివాళ్లతో మాటా వస్తుంది. నర్సరీ వాళ్లు పది బ్లాకులకి ఒకటి చొప్పున తీసి ఈసీ కొలిచాకే లోడు దింపించుకోండి. ఒకే లారీలో రెండు కళ్లాల సరుకు రావడం మామూలే.

వాడిన కోకోపీట్‌ని పారేయకండి. రెండు మూడేళ్లకు అణిగి ధూళిలా మారాక కుండీకి పనికిరాదు గానీ, అప్పటికి పేడ నీళ్లూ ఎరువులూ తాగి ఉంటుంది. వేరు పురుగు, ఎండు తెగులు రాని కుండీలదైతే కొత్త కంపోస్టులో నాలుగో వంతు కలిపేయొచ్చు. కొత్త బ్లాకుల్ని మాత్రం అట్ట మీద, గోడకి ఎడంగా, తడి తగలకుండా పెట్టుకోండి.